ఆ అమ్మ పేరు

“ఈవిడ పేరేమిటమ్మా?” అని మా అమ్మాయి అడిగేసరికి వెంటనే చెప్పలేకపోయాను. ఈ మధ్యాహ్నం టీవీలో ‘సాగర సంగమం’ వస్తోంది. తెర మీద కమల్ హాసన్ తల్లి ఉన్నారు. కాసేపటికి గుర్తొచ్చింది, డబ్బింగ్ జానకి గారు.

1983లో కె. విశ్వనాథ్ గారు తీసిన ఆ చిత్రంలో ఆమెది పెళ్ళిళ్ళలో వంటలు చేస్తూ కొడుకును పెంచుకున్న పేదతల్లి పాత్ర. ఆ కొడుకుకు పెద్ద వేదిక దక్కే వేళకు ఆ తల్లి కన్నుమూస్తుంది. ఆమె తెర మీద కనిపించేది కొద్దిసేపే అయినా, ఆ చేతుల అలసట, కొడుకును చూసినప్పుడు ఆ కళ్ళలో నిండే తృప్తి సినిమా ముగిసేవరకూ మనతోనే ఉంటాయి.

నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది మాత్రం ఆమె పేరు. తెర మీది పెదవుల కదలికకు సరిగ్గా అందేలా, వేరొకరి ఏడుపును తన గొంతుతో ఏడ్చి, వేరొకరి కోపాన్ని తన ఊపిరితో పలికే డబ్బింగ్ పనే ఆమెకు ఇంటిపేరులా స్థిరపడిపోయింది. తరువాత వందలాది చిత్రాల్లోనూ, టీవీ ధారావాహికల్లోనూ అమ్మగా, అత్తగా, బామ్మగా కనిపించారు. మనం ఆమెను చూడగానే పోల్చుకుంటాం, పేరు దగ్గర మాత్రం తడబడతాం. అది నాకు ఈ రోజు నిజంగా బాధ కలిగించింది.

సినిమా అయిపోయాక మా అమ్మాయి ఆ పేరును తన పుస్తకం వెనుక పేజీలో రాసుకుంది.