జోసెఫ్ కూర్చున్న చోటు

పారిస్‌లో బ్లాంష్ మెట్రో స్టేషన్లో దిగి లెపిక్ వీధి ఎక్కితే 15వ నంబరు ‘కాఫే దే దు మూలాఁ’. 2001లో వచ్చిన ‘అమెలీ’ సినిమాలో హీరోయిన్ పనిచేసే కాఫీ హోటల్ ఇదే. లోపలికి వచ్చినవాళ్ళు వచ్చినట్టే ఆమె పోస్టరు కింద నిలబడి ఫోటోలు దిగుతున్నారు. నేను మాత్రం ఆ సినిమాలో వేసిన నటుడు దొమినిక్ పినోఁ కోసం వచ్చాను.

అందులో ఆయన జోసెఫ్. తనని వదిలేసిన జీనాని కాపలా కాస్తూ, ఆమె ఎవరితో నవ్విందో, ఎన్నింటికి నవ్విందో చిన్న టేప్‌రికార్డర్‌లో గుసగుసగా ఎక్కించుకునే అనుమానం మనిషి. అమెలీ అతనికి సిగరెట్ల కౌంటర్లో కూర్చునే జార్జెట్‌తో జత కుదురుస్తుంది. కొన్నాళ్ళకి జార్జెట్‌నీ అలాగే కాపలా కాస్తాడనుకోండి! ఆ కౌంటరు ఇప్పుడు లేదు, సినిమా తర్వాత తీసేశారు. క్రెమ్ బ్రూలే అనే మీగడ తీపి మీది పంచదార పెంకుని చెంచాతో ఠక్కున పగలగొడుతూ, వెంట వచ్చిన మా అక్క కూతురికి ఫోన్లో ఆయన ఫోటో చూపించాను.

“పిన్నీ, ఈయన ‘అవుట్‌లాండర్’లో మాస్టర్ రేమండ్ కదా!”

నిజమే, ఆ టీవీ సీరియల్ 2016లో వచ్చిన రెండో సీజన్లో పారిస్‌లో మందులకొట్టు నడిపేది ఆయనే. ఆ వీధి ఎక్కడుందో చూద్దాం పదమంది. ఆ పారిస్ వీధుల్ని ప్రాగ్‌లో తీశారని చెప్తే పిల్ల మొహం చిన్నబోయింది.

నొక్కి వదిలిన రబ్బరు బొమ్మలాంటి మొహం పినోఁది. ‘దీవా’లో (1981) చెవిలో ఇయర్‌ఫోను తియ్యని హంతకుడిగా మొదలుపెట్టాడు. ‘అమెలీ’ తీసిన దర్శకుడు జునే వైడ్ లెన్స్‌తో కెమెరాని సరాసరి మొహం మీదికే తెస్తాడు. అందగాళ్ళకి అది శిక్ష, ఈయనకి మాత్రం ఆస్తి. ‘డెలికాటెసెన్’లో (1991) ఆయనే హీరో. కిర్రుమనే మంచం స్ప్రింగు ఎక్కడుందో కనిపెట్టడానికి పరుపు మీద తాళం తప్పకుండా ఎగిరే సీను ఒక్కటి చాలు. 1995లో ఒకే సినిమాలో అరడజను క్లోన్లు, 1997లో ఏలియన్ సినిమాలో చక్రాల కుర్చీ మెకానిక్. జునే తీసిన ప్రతి సినిమాలోనూ ఏదో ఒక వేషం ఉంటుంది. సహాయపాత్రలకే పుట్టాడనుకునేవాళ్ళకి ఇంకో సంగతి: 2004లో నాటకరంగంలో ఉత్తమ నటుడిగా మోలియేర్ అవార్డు అందుకున్నది కూడా ఆయనే.

అంతటితో ఊరుకోక, ఆయన పుట్టిన సొమ్యూర్‌కి కూడా వెళ్ళాం. లువార్ నది ఒడ్డున తెల్లటి సున్నపురాతి ఊరు, గుట్ట మీద కోట, కొండ తొలిచిన గుహల్లో పుట్టగొడుగుల పెంపకం. ఫ్యాషన్ డిజైనర్ కోకో షనెల్ కూడా ఇక్కడే పుట్టింది, ఆ పేరు చెప్పడానికి జనం ముందుకొస్తారు. పినోఁ పేరున్న బోర్డు మాత్రం నేను తిరిగిన వీధుల్లో కనపడలేదు.

స్టేషను నదికి అవతల గట్టున ఉంది. వంతెన దాటుతుండగా టాక్సీ ఆయన్ని అడిగాను. పేరు వినలేదన్నాడు. ఫోటో చూపిస్తే, “ఓ, ‘కసాండ్ర్’లో పోలీసు!” అన్నాడు. ఫ్రాన్స్ 3 ఛానల్లో 2015 నుంచీ వస్తున్న సీరియల్ అది, ఆన్సీ అనే ఊళ్ళో జరిగే కథ. వాళ్ళావిడ ఒక్క భాగం కూడా వదలదట. మీటరు కట్టేసి కూడా, కిందటి భాగంలో హంతకుడెవరో చెప్పిగాని మమ్మల్ని దిగనివ్వలేదు.