మా అమ్మాయి లిస్టులో 'కన్సినస్'

మన ఊళ్ళలో ఇంటికి చుట్టాలొస్తే పిల్లల చేత పద్యం చెప్పించేవాళ్ళు. ఇక్కడ డాలస్ చుట్టుపక్కల తెలుగువాళ్ళ ఇళ్ళల్లో స్పెల్లింగు చెప్పిస్తున్నారు. భోజనాలయి పెద్దవాళ్ళు సోఫాల్లో కూలబడగానే "ఏదీ తల్లీ, అంకుల్‌కి ఒక పెద్ద మాట స్పెల్ చేసి చూపించు" అంటారు. పిల్ల మొహం చిట్లించుకుంటూనే గడగడా చెప్పేస్తుంది. అంకుల్ చప్పట్లు కొడతాడు. ఆ మాటకి అర్థం ఆయనకీ తెలీదు, పైకి అడగడు.

ఈ పిచ్చి ఊరికే పట్టుకోలేదు. పిల్లలు మాటల స్పెల్లింగు పైకి చెప్పే అమెరికా పోటీ, స్క్రిప్స్ జాతీయ స్పెల్లింగ్ బీ, 1925లో మొదలైంది. భారతీయ కుటుంబాల పిల్లల్లో మొదట గెలిచింది బాలు నటరాజన్, 1985లో. 1999లో నూపుర్ లాలా గెలిచాక ఇక ఆగింది లేదు. మన తెలుగు ఇళ్ళ నుంచి స్నిగ్ధ నందిపాటి 2012లో, అరవింద్ మహంకాళి 2013లో, నిహార్ జంగా 2016లో ఇంకో అబ్బాయితో కలిసి, బృహత్ సోమ 2024లో గెలిచారు. బృహత్ అయితే ఆఖరి రౌండులో 90 సెకన్లలో 29 మాటలు సరిగ్గా చెప్పాడు. నాకు మటుకు అరవింద్ కథే ఇష్టం. అంతకుముందు రెండేళ్ళూ జర్మన్ మాటల దగ్గరే ఆగిపోయి మూడో స్థానంతో సరిపెట్టుకున్నవాడు, చివరికి జర్మన్‌కి దగ్గరి చుట్టమైన యిడ్డిష్ నుంచి వచ్చిన ఒక పిండివంట పేరుతోనే కప్పు కొట్టాడు. ఈమధ్య గెలుపుల్లో చాలావాటి వెనక ఊరూరా పోటీలు పెట్టి పిల్లల్ని తయారు చేసే నార్త్ సౌత్ ఫౌండేషన్ ఉంది. 1989లో చిట్టూరి రత్నంగారు ఇండియాలో పేద విద్యార్థుల స్కాలర్‌షిప్పుల కోసం మొదలుపెట్టిన సంస్థ అది. ఇక్కడి పిల్లల స్పెల్లింగుకీ అక్కడి పిల్లల ఫీజులకీ లంకె వేయాలన్న ఆలోచన ఎవరికి తట్టిందో గానీ భలే ఆలోచన.

మా అమ్మాయి ఎనిమిదో క్లాసు. ఎనిమిది దాటితే పోటీకి అర్హత ఉండదు కాబట్టి ఇదే ఆఖరి అవకాశం. నా పని మాటలు చదివి పెట్టడం. తెలుగు మీడియంలో చదువుకున్న తల్లికి ఇది చిన్న పరీక్షేం కాదు. "అమ్మా, నువ్వు 'వి'నీ 'డబ్ల్యు'నీ ఒకేలా పలుకుతున్నావు, నేను గెస్ చేయాల్సి వస్తోంది" అంటుంది. పోటీలో పిల్లలు అర్థం అడగొచ్చు, వాక్యంలో వాడి చెప్పమనొచ్చు, ఏ భాష నుంచి వచ్చిందో అడగొచ్చు. మా ఇంట్లో వీటికి తోడు "అమ్మా, అసలిది ఇంగ్లీషేనా?" అని ఒక అదనపు ప్రశ్న కూడా ఉంటుంది.

అలా ఒకరోజు తగిలిన మాట 'కన్సినస్'. వినడానికి ఐదారక్షరాల మాటలా ఉంటుంది, రాస్తే పది. సి, ఓ, ఎన్, సి, ఐ, ఎన్, ఎన్, ఓ, యు, ఎస్. ముంచేది రెండు చోట్ల. 'స' అని వినబడేచోట 'ఎస్' కాదు, 'సి'. తర్వాత 'ఎన్' జంటగా వస్తుంది, కానీ చెవికి ఒక్కటే వినిపిస్తుంది. లాటిన్‌లో 'కాన్‌కిన్నుస్' అని ఉందని తెలిస్తే రెండు గోతులూ దాటేయొచ్చు, ఎందుకంటే అక్కడ ఆ 'సి'ని 'క' అనే పలికేవాళ్ళు, 'న్న' ఒత్తు కూడా గట్టిగానే ఉండేది. ఒత్తులు మనకి కొత్తా? తెలుగు ఒత్తులు రాయడం వచ్చిన పిల్లకి లాటిన్ జంట అక్షరాలు చెవికి చప్పున అందుతాయని నా గట్టి నమ్మకం. మావారు ఒప్పుకోరు, అది వేరే సంగతి.

2013లో స్పెల్లింగ్ బీలో అర్థాల పరీక్ష కూడా పెట్టారు. 2021 నుంచి స్టేజి మీద కూడా అర్థం అడుగుతున్నారు. కాబట్టి బట్టీ పట్టి వదిలేస్తే కుదరదు. ఆ మాటకి అర్థం: చక్కగా అమరిన, పొందికైన, ఏ భాగానికి ఆ భాగం ఒదిగిన. దీనికి నామవాచకం 'కన్సినిటీ'. అదే కాస్త ఎక్కువ వాడుకలో ఉంది. రోమన్ వక్త సిసెరో వాక్య నిర్మాణం గురించి చెబుతూ వాడాడు: ఒక ఖండం బరువు ఇంకో ఖండం మోయాలి, మాటలు సరితూగాలి. పదిహేనో శతాబ్దంలో ఇటలీ వాస్తుశిల్పి ఆల్బెర్తి తన గ్రంథంలో భవనాల అందానికి ఇదే మాటని మూలస్తంభం చేశాడు. ఒక ముక్క కలిపినా తీసినా మార్చినా చెడిపోయేంతగా కుదిరి ఉండటమే అందమంటాడాయన.

వాడకంలో ఒక మెలిక ఉంది. ఇద్దరు మనుషులు గొడవ పడకుండా ఉంటే వాళ్ళని ఈ మాటతో చెప్పరు, దానికి మామూలు 'హార్మోనియస్' చాలు. ఈ మాట అమర్చిన వాటికి: ఒక వ్యాసానికి, ఒక ఇంటి ముఖద్వారానికి, ఒక వాదనకి. ఇంగ్లీషు కవి మిల్టన్ వాడిన 'సింఫోనియస్' అనే ఇంకో అరుదైన విశేషణం నేరుగా కలిసి మోగే శబ్దాలకి. పిల్లలు ఈ రెంటినీ కలిపేస్తారు. మా అమ్మాయి రాసుకున్న వాక్యం మాత్రం దివ్యంగా ఉంది: 'దీపావళి పార్టీలో మా అమ్మ చీర, జాకెట్టు, గాజులు, చెప్పులు కన్సినస్‌గా ఉన్నాయి.' మ్యాచింగ్ సెంటర్ల చుట్టూ తిరిగిన జన్మకి ఇన్నాళ్ళకి లాటిన్ గౌరవం దక్కింది.

ఇంతటితో అయిపోయేది, ఆ మాటకి సంగీతంలో ఒక పాత వాడుక లేకపోతే. 1728లో లండన్‌లో అచ్చయిన ఛేంబర్స్ సైక్లోపీడియాలో, ఆ కాలపు మరి కొన్ని సంగీత గ్రంథాల్లో, 'కన్సినస్ అంతరాలు' అంటే పూర్తిగా కలిసిపోయే స్వరాలు కావు. చిత్రంగా, అవి అపస్వరాల జాబితాలోనివే! విడిగా వింటే అంత ఇంపూ కాదు, వెగటూ కాదు. కానీ పాటకి పనికొస్తాయి. అవి లేకపోతే మిగతావాటి ఇంపు తెలియదు. అసలు ఏ పాటకీ పనికిరానివి 'ఇన్‌కన్సినస్'. దీనికి దగ్గరి ఆలోచనే రెండో శతాబ్దంలో గ్రీకు పండితుడు టాలెమీ రాసిన సంగీత గ్రంథంలోనూ ఉంది. ఎనిమిదో స్వరం ఒక తరగతి, పంచమమూ మధ్యమమూ కలిసి మోగేవిగా ఇంకో తరగతి, ఆ తర్వాత గానానికి తగిన చిన్న అంతరాలు మూడో తరగతి.

మా అమ్మాయి కర్ణాటక సంగీతం కూడా నేర్చుకుంటోంది, శుక్రవారాలు జూమ్‌లో. ఆ వారం పాఠం నాట రాగం. మేళకర్తలు, అంటే మిగతా రాగాలకి తల్లి రాగాలు, 72 ఉంటే అందులో 40 వివాది మేళాలు, అంటే పక్కపక్కనే ఇరుకుగా ఉండే స్వరాలున్నవి. వివాది దోషమని కొందరు విద్వాంసులు వాటి జోలికే వెళ్ళేవారు కాదు. నాటలో షట్‌శ్రుతి రిషభం, దాని పక్కనే అంతర గాంధారం. "దోషమైతే మరి త్యాగరాజస్వామి పంచరత్నాల్లో మొదటిది ఇందులోనే ఎందుకు చేశారు?" అని అడిగింది. ప్రతి ఆరాధనలోనూ అందరూ కూర్చుని గొంతు కలిపి మొదలుపెట్టేది దానితోనే కదా.

నాకు జవాబు తెలీలేదు. తనే లేచి కీబోర్డు దగ్గరికెళ్ళింది. 'సి' షడ్జమం అనుకుంటే ఆ రెండూ 'డి షార్ప్', 'ఈ'. రెండు మెట్లూ ఒకేసారి నొక్కింది. కుక్కపిల్ల తోక తొక్కినట్టయింది, హాల్లోంచి మావారు "ఏవిటా మోత" అని అరిచారు. తర్వాత ఒకదాని వెంట ఒకటి, కాస్త జారుస్తూ, సరిగమపా అంటూ పాడుకుంటూ వాయించింది. బ్రహ్మాండంగా ఉంది. "ఒకేసారి అయితే ఫైటింగ్, వన్ బై వన్ అయితే రాగం" అని తేల్చేసింది. వీణ మీద ఎవరూ ఆ రెండు స్వరాలూ కలిపి మీటరు కూడా.

పిల్ల మర్చిపోయి వెళ్ళిపోయింది గానీ నా బుర్రలో అది అలాగే ఉండిపోయింది. ఎందుకంటే ఇక్కడ మా తరం తల్లిదండ్రుల మీటింగుల్లో, తెలుగు సంఘాల సావనీర్లలో, ఎక్కడ చూసినా 'రెండు సంస్కృతుల సమ్మేళనం' అన్నదే పాట. పిల్లలు రెంటినీ ఒకేసారి మోగించాలని మన కోరిక. సంక్రాంతికి బొమ్మల కొలువు పెట్టి స్కూల్లో స్నేహితురాళ్ళనీ, పేరంటాలనీ ఒకే సాయంత్రం పిలిచాం ఒక ఏడాది. పాపం మా అమ్మాయి ఒకవైపు ఆంటీలకి పసుపు కుంకుమ అందిస్తూ, ఇంకోవైపు దశావతారాల్లో వరాహం ఎందుకుందో ఇంగ్లీషులో వివరిస్తూ తిరిగింది. అందరూ వెళ్ళాక "అమ్మా, నేను టూర్ గైడ్‌ని కాదు" అంది. ఆంటీలంతా "ఎంత చక్కగా రెండూ కలిపేసిందో" అని మెచ్చుకున్నారు ఆ పూట. ఆ మరుసటి సంక్రాంతికి పేరంటం పేరంటంలా జరిగింది, స్నేహితులు ఇంకో రోజు వచ్చి గాలిపటాలు ఎగరేసుకుని పోయారు. ఇద్దరిలో ఎవరికీ ఎవరి గురించీ ఉపన్యాసం ఇవ్వనక్కర్లేకపోయింది.

కార్లో ఇంకా బాగా తెలుస్తుంది. స్కూలు నుంచి వస్తుంటే తెనాలి నుంచి మా అమ్మ ఫోను, స్పీకర్లో. "అన్నం తిన్నావా బంగారం?" వెనక సీట్లో స్నేహితురాలు ఉంటే మా అమ్మాయి "ఊఁ" అని ఊరుకుంటుంది. ఆ పిల్లని వాళ్ళింటి దగ్గర దింపి మలుపు తిరగ్గానే తనే మళ్ళీ కలుపుతుంది: "అమ్మమ్మా, ఇందాక సరిగ్గా వినపళ్ళేదు, చెప్పు." తర్వాత ఇల్లు చేరేదాకా పిల్లి ఎన్ని పిల్లల్ని పెట్టింది, పక్కింటి మామ్మగారి మోకాలు ఎలా ఉంది, అన్నీ అడుగుతుంది, కొంచెం యాసగా, కాని శుభ్రమైన తెలుగులో. మావారు "దానికి సిగ్గు, తెలుగంటే నామోషీ" అంటారు. నాకలా అనిపించదు. నామోషీ ఉన్న పిల్ల తిరిగి ఫోన్ చెయ్యదు. ఒకేసారి రెండు మెట్లు నొక్కమంటే నొక్కలేదు, అంతే.

అలాగని ఇటో ముఖం అటో ముఖం పెట్టుకుని బతకమని నేననడం లేదు. ఇంట్లో ఒకటి, బయట ఒకటి చెప్పి, చివరికి రెండు చోట్లా అబద్ధాలాడే పిల్లలు మా చుట్టుపక్కలే ఉన్నారు. అది వేరు. పాడేవాళ్ళకి వెనక శ్రుతి బాక్సు ఆగకుండా మోగుతూ ఉండాలి. మా ఇంటి శ్రుతి ఏమిటంటే, ఎవరితో ఉన్నా ఎక్కడున్నా ఒక మెసేజ్ పెట్టాలి, అబద్ధం చెప్పకూడదు. ఆ తర్వాత ఏ స్వరం ఎప్పుడు పలకాలో తన ఇష్టం. పదమూడేళ్ళ పిల్లకి ఆపాటి సంగీత జ్ఞానం ఉంటుందని నేను నమ్ముతున్నాను. మావారు ఇంకా ఆలోచిస్తున్నారు.

ఈ ఏడాది రీజినల్ పోటీ, మా ఊరి త్యాగరాజ ఆరాధన ఒకే నెలలో పడ్డాయి. పొద్దున్న ఎనిమిదింటి దాకా లాటిన్, గ్రీకు, ఆ తర్వాత నాట, గౌళ. 'కన్సినస్' రీజినల్లో వస్తుందన్న నమ్మకం నాకేమీ లేదు, నాలుగున్నర లక్షల మాటల డిక్షనరీలో ఏది వస్తుందో ఎవరికి తెలుసు?

దాని తర్వాత ఏప్రిల్లో తన పుట్టినరోజు. పొద్దున గుడి, మధ్యాహ్నం అమ్మమ్మతో వీడియో కాల్, సాయంత్రం స్నేహితులతో బౌలింగు అని నేను వేరువేరుగా పట్టిక వేసి చూపించాను. కాసేపు చూసి, గుడికి ఇద్దరు స్నేహితురాళ్ళని తీసుకొస్తానంది. "వాళ్ళకి అన్నీ వివరించి చెప్పాలేమోనే?" అన్నాను. "అక్కర్లేదు, వాళ్ళేం అడగరు. ఒకదానికి పులిహోర కావాలట, ఇంకోదానికి గంట కొట్టాలని ఉందట" అంది.