ఘనా మామిడి, మనూరి ఈగ

మామిడి గురించి నాకు ఇంకొకరు చెప్పేదేముంటుంది అనుకుంటూ 2022 మార్చిలో ఘనాలో దిగాను. పుట్టింది దామలచెరువు మండీకి కూతవేటు దూరంలో. పదకొండేళ్ళు చిత్తూరు జిల్లా పల్ప్ ఫ్యాక్టరీల్లో క్వాలిటీ చూశాను. కాయ చేతిలో పడితే ఎన్ని రోజుల్లో మాగుతుందో చెప్పగలిగేవాణ్ణి. ఆ ధీమా సరిగ్గా మూడు నెలలు నిలబడింది.

రాజధాని అక్రాలో ఎప్పటినుంచో స్థిరపడ్డ ఒక సింధీ కుటుంబం పండ్ల ఎగుమతి మొదలుపెట్టింది. రాజధానికి రెండు గంటల దూరంలో సోమాన్యా అనే ఊరి దగ్గర వాళ్ళకో చిన్న ప్యాక్‌హౌస్ ఉంది. నా పని చుట్టుపక్కల రైతుల కాయలు తీసుకుని, గ్రేడింగ్ చేయించి, యూరప్ వెళ్ళే కంటైనర్ ఎక్కించడం. జీతం బాగుంది, ఇల్లు వాళ్ళే ఇచ్చారు. వర్క్ పర్మిట్ కోసం మాత్రం చెప్పులు అరిగేలా తిరిగాను.

మొదటి వింత ఏమిటంటే అక్కడ మామిడి ఏడాదికి రెండు కాపులు కాస్తుంది. మే నుంచి జూలై దాకా పెద్ద కాపు, డిసెంబరు నుంచి ఫిబ్రవరి దాకా చిన్న కాపు. దక్షిణ ఘనాలో వానలు రెండు విడతలుగా పడతాయి, చెట్టూ దానికి తగ్గట్టే నడుచుకుంటుంది. రెండో వింత రకాలు. ఎగుమతి తోటల్లో ఉండేవి కీట్, కెంట్. రెండూ ఫ్లోరిడాలో పుట్టినవి. కెంట్ బుగ్గ మీద కాస్త ఎరుపు తిరుగుతుంది గానీ కీట్ పండినా తొక్క పచ్చగానే ఉంటుంది. కాబట్టి రంగు చూసి కోయించడం అన్న నా విద్య మొదటి వారమే మూలన పడింది.

అక్కడ కోత ఇలా నిర్ణయిస్తారు. ప్రతి మడిలోంచి పది కాయలు తెంపి, బుగ్గ కోసి, టెంక చుట్టూ కండ ఏ రంగులో ఉందో రంగుల కార్డు పక్కన పెట్టి చూడాలి. ఒకటి అంటే తెల్లగా ఉన్నట్టు, ఐదు అంటే ముదురు పసుపు. టెంక దగ్గర పసుపు అప్పుడే మొదలై, అంచు ఇంకా తెల్లగా ఉండాలి. దాంతోపాటు ఒక చుక్క రసం బ్రిక్స్ మీటర్ మీద వేసి తీపి చూడాలి. మా పల్ప్ ఫ్యాక్టరీకి బెంగళూర కాయ ముగ్గ మాగి, ముక్కు దగ్గర పెడితే వాసన కొట్టాలి. ఇక్కడ వాసన వచ్చిందంటే ఆ కాయ పనికిరాదు. రెండు వారాలకు పైగా ఓడలో, ఆ తర్వాత షాపు అరలో ఉండాలిగా మరి. మొదటి లోడులో నేను ఏరికోరి ‘మంచివి’ అని పక్కన పెట్టిన కాయలన్నీ అక్కడి సూపర్‌వైజరమ్మ నవ్వుతూ రిజెక్టు క్రేట్‌లో వేసింది.

ఇక ఈగ సంగతి.

తోటల్లో కొమ్మలకు పసుపు రంగు డబ్బాలు వేలాడుతుంటాయి. లోపల మిథైల్ యూజినాల్ ఎర. మన దగ్గరా ఇదే వాడతారు. మగ ఈగలు దానికి పిచ్చెక్కినట్టు వచ్చి పడతాయి. వారానికోసారి మూత తీసి లెక్కపెట్టి పుస్తకంలో రాయాలి. మొదటి డబ్బా అరచేతిలో బోర్లించుకుని చూస్తే, వీపుకి రెండు వైపులా పసుపు గీతలు, పొట్ట మీద ఇంగ్లీషు ‘టీ’ అక్షరంలా నల్ల మచ్చ. చిన్నప్పటి నుంచీ మా తోటలో చూసిన ఈగే!

నిజంగా అదే. 2003లో కెన్యాలో మొదట కనిపించింది, 2005 నాటికి ఘనా చేరింది. శాస్త్రవేత్తలు ముందు దీన్ని కొత్త జాతి అనుకుని, దండెత్తి వచ్చిందని అర్థం వచ్చేలా లాటిన్‌లో ఇన్వాడెన్స్ అని పేరు పెట్టారు. 2015 ప్రాంతానికి వచ్చేసరికి ఇది మన ఆసియా పండు ఈగే, వేరేది కాదని తేల్చారు. కాయల మీద నల్లగా పగుళ్ళు తెచ్చే బాక్టీరియా మచ్చ తెగులుది కూడా అదే కథ. అదీ మన దగ్గర ఎప్పటినుంచో ఉన్నదే. ఘనాలో 2010 ప్రాంతంలో బయటపడి సోమాన్యా తోటలను దెబ్బ తీసింది.

ఈ మాట వోఫాకి చెప్పాను. వోఫా అంటే అక్కడి ట్వి భాషలో మేనమామ. మా రైతుల గుంపుకి ఆయన పెద్ద కాబట్టి అందరం అలాగే పిలిచేవాళ్ళం. వాళ్ళలోనూ మేనమామ హోదా చిన్నది కాదు, పాత పద్ధతిలో ఆస్తి కూడా ఆయన నుంచి మేనల్లుడికే వస్తుంది. నా మాట విని వోఫా చాలాసేపు నవ్వాడు. “అయితే మీ వాళ్ళేనన్నమాట. నీకేమో పర్మిట్‌కి మూడు నెలలు పట్టింది, వీళ్ళకి వీసా ఎవరిచ్చారు?”

వోఫా అసలు మామిడి రైతు కాదు. న్సవామ్ అనే ఊరి దగ్గర పైనాపిల్ వేసేవాడు, స్మూత్ కయెన్ రకం. 2004లో ఘనా పైనాపిల్ ఎగుమతి 70 వేల టన్నులు దాటింది. అప్పటికే కోస్టారికా నుంచి ఎండీ2 అనే కొత్త రకం యూరప్ మార్కెట్లో పాకిపోతోంది. బంగారు రంగు, తీపి ఎక్కువ, కాయలన్నీ ఒకే సైజు. ఏడాది తిరిగేసరికి కొనేవాళ్ళు కయెన్ వద్దన్నారు. కాయలు పొలంలోనే కుళ్ళిపోయాయి. ఎండీ2 పిలకలు ఖరీదు, ఎరువుల మేపు ఎక్కువ, కోసిన వెంటనే చల్లగా ఉంచకపోతే పాడవుతుంది. పెద్ద ఫారాలు తట్టుకున్నాయి, రెండు మూడెకరాల వాళ్ళు మానుకున్నారు. నాలుగేళ్ళలో దేశం ఎగుమతి దాదాపు సగానికి పడింది. వోఫా అప్పు తీర్చడానికి పొలం వదిలేసి, భార్య తరఫు వాళ్ళ భూమిలో ఇక్కడ మామిడి పెట్టాడు. తొక్క మీద రంగు మారినందుకు ఊళ్ళు ఖాళీ అవ్వడం ఏమిటో నాకు అప్పుడు పూర్తిగా ఎక్కలేదు.

యూరప్‌కి మామిడి పంపాలంటే ఫైటోశానిటరీ సర్టిఫికెట్, అంటే పురుగూ తెగులూ లేవని సర్కారు ఇచ్చే కాగితం, ఉండాలి. 2019 సెప్టెంబరు నుంచి నిబంధన ఇంకా బిగిసింది. పండు ఈగ లేకుండా ఏ పద్ధతి పాటించారో కూడా అందులో ఉండాలి. అందుకని ప్రతి తోటకీ నంబరు, మ్యాపు, మందు కొట్టిన డైరీ, డబ్బాల లెక్క. ఇవన్నీ సర్దుకున్నాయి. సర్దుకోనిది రాలిన కాయలు ఏరడం. కింద పడ్డ ప్రతి కాయలోనూ పురుగులు పెరిగి, మట్టిలోకి దిగి, ఈగలై లేస్తాయి. ఏరి నల్ల ప్లాస్టిక్ సంచిలో మూతి కట్టి ఎండలో పడేస్తే లోపలే ఉడికి చస్తాయి. మా నాన్నే ఏనాడూ ఏరించలేదు, ఇక ఊరుకాని ఊళ్ళో వాళ్ళకి ఏ మొహంతో చెప్పను? ఇద్దరు ముగ్గురు తప్ప ఎవరూ పట్టించుకోలేదు.

జూన్‌లో మొదటి కంటైనర్. నాలుగు రోజులుగా వాన. రెండు తోటల కాయలు వేరువేరుగా గ్రేడింగ్ చేయాలి. లారీ రాత్రి తొమ్మిదింటికి వచ్చింది, కూలీలు ఇళ్ళకు పోతామంటున్నారు. “కలిపేయండి, రెండూ మనవేగా” అన్నాను. ఆ మాట నాదే.

పొద్దున క్వారంటైన్ ఇన్‌స్పెక్టరమ్మ వచ్చింది. ప్యాలెట్ల మధ్య నుంచి తనకు నచ్చిన పెట్టెలు తీయించి, బల్ల మీద కాయలు కోయడం మొదలుపెట్టింది. మొదటి పెట్టె బాగుంది. రెండోది బాగుంది. మూడో పెట్టెలో ఒక కాయ ముచ్చిక కింద సూది గుచ్చినంత చుక్క. కోస్తే కండ అంగుళం మేర మెత్తబడి గోధుమ రంగులో ఉంది. చాకు మొనతో కెలికితే తెల్ల పురుగు ఒకటి విల్లులా వంగి, చంగున గెంతి ఆమె రిజిస్టర్ మీద పడింది. ఆమె ఏమీ అనలేదు. పెన్ను మూత పెట్టుకుంది.

ఒక్క తోట కాయలైతే ఆ తోటవి తీసేసి మిగతావి పంపేవాళ్ళం. నేను కలిపేశాను కాబట్టి పురుగు ఏ తోటదో చెప్పలేకపోయాను. ఇరవై టన్నులూ ఆగిపోయాయి. 2014 మేలో పండు ఈగ వల్ల యూరప్ మన మామిడిని నిషేధించిన రోజున పల్ప్ ఫ్యాక్టరీలో కూర్చుని, మనకేం, మనం ఉడకబెట్టి డబ్బాల్లో పోస్తాం కదా అని నవ్వుకున్నవాణ్ణి. నిషేధం 2015 జనవరిలో ఎత్తేశారు. ఆ ఎనిమిది నెలల పైచిలుకు తాజా కాయ పంపేవాళ్ళు ఏం పడ్డారో నాకు ఘనాలో తెలిసింది.

కాయలు ఏం చేయాలి? కొన్ని జ్యూస్ వాళ్ళు తీసుకున్నారు. మిగతావాటికి వోఫా అక్రా మార్కెట్‌కి ఫోన్ చేశాడు. అక్కడ ఒక్కో సరుక్కి ఒక్కో ఆడ పెద్ద ఉంటుంది, అమ్మేవాళ్ళందరూ ఆమె మాట వింటారు. రాణి అనే అంటారు. మర్నాడు తెల్లారే ఆవిడ ఇద్దరు మనుషులతో దిగింది. పెట్టెల మీద అందమైన బొమ్మలు, స్టిక్కర్లు ఒక్కసారి చూసి, “వీటిలో పండ్లేవీ?” అంది. నా కార్డు, మీటరు ఆమెకు అక్కర్లేదు. బొటనవేలితో నొక్కి చూసి, మెత్తబడ్డవి ఒక ధర, గట్టివి నాలుగు రోజులాగి ఇంకో ధర అని తేల్చేసింది. మోమోలో, అంటే ఫోన్లో, డబ్బు అక్కడికక్కడే పడింది. రైతులకు అసలు మాత్రం వచ్చింది. నేనైతే అదీ రాదనుకున్నాను.

ఆ నెలంతా అక్రా వెళ్ళినప్పుడల్లా పండ్లు ఎవరు తింటున్నారా అని చూస్తూ తిరిగాను. నారింజలు అమ్మే అమ్మాయి బ్లేడు లాంటి చాకుతో పచ్చ తొక్కను రిబ్బన్‌లా చెక్కేస్తుంది, తెల్లపొర అలాగే ఉంచుతుంది. పైన చిన్న టోపీలా కోసి చేతిలో పెడుతుంది. పిండుకుంటూ పీల్చి, పిప్పి పారేయడమే. చేతికి చుక్క అంటదు. అరటిపండు, వేయించిన వేరుశనగలు కలిపి తినడం, కవర్లో బొప్పాయి, పైనాపిల్ ముక్కలు. ఆ పైనాపిల్ ఎండీ2 కాదు, తెల్ల కండ ఉండే షుగర్‌లోఫ్. అది తిన్నాక ఇంకో రకం తినబుద్ధి కాదు, అంత తీపి. కూర అరటి అయితే దేశంలో ఏటా 40 లక్షల టన్నుల పైన పండుతుంది, దాదాపు అంతా ఇంట్లోనే ఖర్చు. పత్రికల్లో ‘ఘనా పండ్ల వ్యాపారం’ అని రాసేది మాత్రం ఓడెక్కే నాలుగు కంటైనర్ల గురించే. కీట్‌తో ఆవకాయ పెడితే పులుపు చాలదని కూడా ఆ రోజుల్లోనే తెలుసుకున్నాను, అది వేరే దుఃఖం.

ఆ ఏడాది ఘనా కరెన్సీ సెడీ కూడా పడిపోయింది. జనవరిలో డాలరుకు 6 ఉన్నది నవంబరులో 14 దాటింది. డిసెంబరులో ధరల పెరుగుదల 54 శాతం అన్నారు. సిగ్నళ్ళ దగ్గర దక్షిణాఫ్రికా ఆపిల్స్ అమ్మే కుర్రాళ్ళు పలచబడి, వాళ్ళ బుట్టల్లో నారింజలు వచ్చాయి. మాకు యూరోల్లో డబ్బు వస్తుంది కదా, లాభమే అనుకున్నాం. కానీ మా పెట్టెలు, మందులు, కంటైనర్ బాడుగ, అన్నీ డాలర్లలోనే.

చిన్న కాపుకి వేరే మనిషినయ్యాను. తోటకో రంగు క్రేట్. రాలిన కాయలకు కిలో చొప్పున మేమే డబ్బిచ్చి ఏరించాం. స్కూలు పిల్లల తల్లులు పోటీ పడి వచ్చారు. అన్ని నెలలుగా జరగనిదాన్ని వారంలో సాధించింది ఆ చిల్లర. హర్మట్టాన్ గాలి మొదలైంది. సహారా నుంచి వచ్చే ఆ పొడిగాలికి పెదాలు పగిలిపోతాయి, ఆకుల మీద దుమ్ము పేరుకుంటుంది. ఈగకి మాత్రం ఆ పొడి పడదు. డబ్బాల్లో లెక్క తగ్గుతూ వచ్చింది. కోసిన కాయలు ముచ్చిక విరిచి, సొన తొక్కకి అంటకుండా బల్లల మీద బోర్లించి ఆరబెట్టాం.

2023 జనవరిలో అదే ఇన్‌స్పెక్టరమ్మ వచ్చి మూడు గంటలు కోసింది. నేను ఆ బల్ల దగ్గర నిలబడలేక జనరేటర్ గదిలోకి వెళ్ళి డీజిల్ ఎంతుందో నాలుగుసార్లు చూశాను. తిరిగొచ్చేసరికి ఆమె ఒక ముక్క తింటోంది. సర్టిఫికెట్ మీద సంతకం అయిపోయింది.

ఓడలో ఉన్నన్నాళ్ళూ టెన్షనే. పది డిగ్రీల కంటే బాగా చల్లబడితే తొక్క కింద నల్లబడుతుంది, వేడెక్కితే దారిలోనే మాగుతుంది. చివరికి సరుకు చేరింది. కొన్ని ప్యాలెట్లు మెత్తగా ఉన్నాయని ధరలో కోత పెట్టి, మిగతా డబ్బు నలభై రోజుల తర్వాత ఇచ్చారు. ఖర్చులు పోను రైతు చేతికి వచ్చింది లెక్కేస్తే, మార్కెట్ రాణి మోమోలో ఇచ్చినదాని కంటే కిలోకి కొద్దిగా ఎక్కువ. కొద్దిగానే. వోఫా ఆ కాగితం రెండుసార్లు చదివి, మడిచి జేబులో పెట్టుకుని, మామిడి వరసల చివర ఖాళీ జాగాలో షుగర్‌లోఫ్ పిలకలు నాటబోతున్నానని చెప్పాడు. ఈసారి ఎవరికి అమ్ముతారని అడిగితే రోడ్డు వైపు చెయ్యి చూపించాడు.

ఏప్రిల్ రెండో వారంలో మొదటి వాన పడింది. పొద్దున ఆరింటికి ఫోన్. ఇవతల నేను హలో అనకముందే వోఫా గొంతు: “లే, లే. డబ్బా తీసి చూశాను. మీ వాళ్ళు వచ్చారు.”