పొలం తగాదా స్టేషన్‌కు ఎక్కితే: నా అనుభవం

మా పెదనాన్న కొడుకు తన వాటా పొలం అమ్ముకున్నాడు. అది అతని ఇష్టం. కొన్నాయన మాత్రం గట్టు ఇవతల మేం సాగు చేస్తున్న 60 సెంట్లు కూడా తన రిజిస్ట్రేషన్‌లోకే వస్తాయన్నాడు. మేం ఒప్పుకోకపోయేసరికి స్టేషన్‌లో అర్జీ పెట్టాడు. సరిగ్గా ఖరీఫ్ దుక్కుల సమయం. కానిస్టేబుల్ ఫోన్ చేసి, "మీ నాన్నను తీసుకుని రా, పాసు పుస్తకాలు తెచ్చుకోండి" అన్నాడు.

ఎస్సై గారు దురుసుగా ఏమీ మాట్లాడలేదు. ఇద్దరి కాగితాలూ తిరగేసి, "సర్వే అయ్యేదాకా ఇద్దరూ పొలంలోకి దిగొద్దు. ఇదిగో, సంతకాలు పెట్టండి" అన్నారు. వినడానికి న్యాయంగానే ఉంటుంది. కానీ అక్కడ దున్నుతున్నది మేమే కాబట్టి ఆగిపోయేది మా సాగు ఒక్కటే. "లాయరుతో మాట్లాడి చెబుతాం సార్" అన్నాడు నాన్న. టెన్షన్‌తో నాకైతే నోరు పెగల్లేదు.

లాయరు గారు మొదట అడిగింది ఎఫ్ఐఆర్ ఉందా అని. లేదు. రాతపూర్వక నోటీసు? అదీ లేదు. నాన్నకు డెబ్బై దాటాయని తెలిసి ఆయన నవ్వారు. కేసు దర్యాప్తులో సాక్షిగా పిలవాలన్నా 60 దాటిన మగవాళ్లను వాళ్ల ఇంటి దగ్గరే విచారించాలట.

పొలం ఎవరి స్వాధీనంలో ఉందో తేల్చే అధికారం పోలీసులకు లేదు. గొడవ ముదిరి శాంతిభద్రతలకు భంగం అనిపిస్తే ఎస్సై ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటుకు (మేజిస్ట్రేటు అధికారాలున్న రెవెన్యూ అధికారికి) రిపోర్టు పంపాలి. ఈ పద్ధతి చెప్పే పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 145 సెక్షనే, 2024 జూలై 1 నుంచి దాని స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో 164 అయింది. ఆ మేజిస్ట్రేటు కూడా హక్కు జోలికి పోరు, స్వాధీనం ఎవరిదో మాత్రమే విచారిస్తారు. రిపోర్టు అందడానికి ముందు రెండు నెలల్లోపు ఎవరినైనా అక్రమంగా, బలవంతంగా వెళ్లగొట్టి ఉంటే, స్వాధీనం వాళ్లదేనన్నట్టు చూడొచ్చు. అలాగని పోలీసులకు పనే లేదని కాదు. కొట్టినా, పంట కోసుకుపోయినా కేసు కట్టాల్సిందే. అప్పుడు 'సివిల్ మేటర్' అని పంపేస్తే కుదరదు.

సంతకం పెట్టలేదు. అడంగల్ (సాగు వివరాల రికార్డు), 1బి (భూమి హక్కుల రికార్డు), పాత పంటల ఈ-క్రాప్ (ప్రభుత్వ పంట నమోదు) రసీదులు జతచేసి స్టేషన్‌లో రాతపూర్వకంగా జవాబిచ్చి, మా కాపీ మీద ముద్ర వేయించుకున్నాం. సాగు మాదేనని చూపడానికి పాసు పుస్తకం కన్నా ఆ ఈ-క్రాప్ కాగితాలే ఎక్కువ పనికొచ్చాయి. తర్వాత, మా సాగుకు అవతలివాళ్లు అడ్డు రాకుండా ఆదేశించమని జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో ఇంజంక్షన్ దావా వేశాం. అవతలివాళ్లకు నోటీసు వెళ్లి, ఇరుపక్షాల వాదనలూ అయ్యాక మాకు అనుకూలంగా మధ్యంతర ఉత్తర్వు వచ్చింది.

అంతటితో తీరిపోతుందనుకుంటాం కదా! అవతలాయన ట్రాక్టర్ దింపాడు. ఆర్డర్ కాపీ పట్టుకుని స్టేషన్‌కు పరుగెత్తితే, "ఇందులో మమ్మల్ని సాయం చేయమని ఎక్కడుందయ్యా?" అన్నారు ఎస్సై గారు. ఒళ్లు మండింది. కానీ నిజానికి, ముందు రోజుల్లో మేం ఆయన్ను ఏ గీత దాటొద్దన్నామో, ఇప్పుడాయన ఆ గీత దగ్గరే ఆగారు. ఇంజంక్షన్ అనేది అవతలి పార్టీకి ఇచ్చిన ఆదేశం. పోలీసులు రావాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 151 కింద పోలీసు సాయం కోసం విడిగా పిటిషన్ వేయాలి. ఉత్తర్వు మీరినందుకు 39వ ఆర్డర్ 2ఎ రూల్ కింద ఇంకో పిటిషన్. దాని కింద ఆస్తి జప్తు చేయొచ్చు, మూడు నెలల దాకా సివిల్ జైలులోనూ పెట్టొచ్చు. మేం రెండూ వేశాం. రెండోదాని నోటీసు అందగానే ట్రాక్టర్ మళ్లీ కనిపించలేదు.

సాయం ఉత్తర్వు వచ్చాక ఇద్దరు కానిస్టేబుళ్లు గట్టు మీద నిలబడ్డారు, మేం దున్నుకున్నాం. అప్పటికి అదను దాటిపోయింది, ఆ ఏడు వరి మానేసి మినుము చల్లాం. దావా ఇంకా నడుస్తోంది. హద్దులు కొలవడానికి అడ్వకేట్ కమిషనర్‌ను (కోర్టు తరఫున పొలం చూసి నివేదిక ఇచ్చే లాయరును) వేయమని ఈసారి అవతలివాళ్లే అడిగారు. మేం అభ్యంతరం చెప్పలేదు.