జాగా కాదు, యాగా!

ఆఫీసు పని మీద నార్వే రాజధాని ఓస్లో వెళ్ళినప్పుడు ఒక శనివారం ఖాళీ దొరికింది. నవంబరు నెల. టోన్స్‌బెర్గ్ చూసొస్తానంటే అక్కడి తోటి ఉద్యోగులు "ఈ చలిలో అక్కడేముంది?" అన్నారు. "జాగా జాజిస్ట్ అనే జాజ్ బ్యాండు పుట్టిన ఊరు కదా" అన్నాను. ఒకాయన నవ్వాడు. "జాగా కాదు, యాగా. మా భాషలో జె రాస్తే య అని చదవాలి." పదేళ్ళుగా వింటున్న బ్యాండు పేరుని ప్లాటు బేరంలా పలుకుతున్నానన్నమాట!

రైలు గంటన్నర ప్రయాణం. వాళ్ళ ఆల్బమ్‌లు వచ్చిన వరసలో వింటూ వెళ్ళాలని ముందే అనుకున్నా. 1994లో ఈ బ్యాండు మొదలైనప్పుడు పాటలు కట్టే లార్స్ హోర్న్‌ట్వెత్‌కి 14 ఏళ్ళు. తోబుట్టువులు మార్టిన్ డ్రమ్స్, లీనె ట్యూబా (పెద్ద ఇత్తడి బాకా). ఒక దశలో మొత్తం పదిమంది. అంతమందిని వ్యాన్ ఎక్కించి ఊళ్ళు తిప్పడం తలుచుకుంటే నాకే టెన్షన్.

డ్రామెన్ దాటేసరికి 'ఎ లివింగ్‌రూమ్ హష్' నడుస్తోంది. 2001లో నార్వేలో వచ్చిన ఈ ఆల్బమ్‌ని తర్వాత లండన్‌లోని నింజా ట్యూన్ అనే రికార్డు కంపెనీ విడుదల చేసింది. 2002కి ఇదే ఉత్తమ జాజ్ ఆల్బమ్ అంది బీబీసీ. సాక్సోఫోన్లు, ట్రంపెట్లు మెల్లగా ఊగుతుంటే కింద డ్రమ్స్ యంత్రంలా టకటకా పరిగెడతాయి. ఆ పరుగంతా కంప్యూటరే అనుకునేవాణ్ణి.

హోల్మెస్ట్రాండ్ స్టేషన్ కొండ కడుపులోనే ఉంది. రైలు రాతి గుహలో ఆగింది. అప్పుడు వస్తున్నది 'వాట్ వి మస్ట్' (2005). ఇందులో గిటార్ల హోరు ఎక్కువ. అభిమానులు ఏమైనా అనుకోనీండి, నాకు మాత్రం ఇదే ఇష్టం. 2010 నాటి 'వన్ ఆర్మ్‌డ్ బ్యాండిట్' పేరుకి అర్థం ఒంటిచేతి దొంగ. పిడి లాగి ఆడే జూదం మెషిన్‌కి ముద్దుపేరట. అది సగంలో ఉండగానే ఊరొచ్చేసింది.

ఊళ్ళో బ్యాండు గురించి బోర్డు ఒక్కటీ కనిపించలేదు. నార్వేలో అన్నిటికంటే పాత ఊరు మాదే, 871 నుంచీ ఉంది అని చెప్పుకుంటారు. ఇక ముప్ఫై ఏళ్ళ కిందటి కుర్రాళ్ళ గొడవ ఎవరికి కావాలి? రేవులో 1904లో దగ్గర్లోనే తవ్వి తీసిన ఓసెబెర్గ్ వైకింగ్ ఓడకి నకలు కట్టి ఉంచారు. స్లాట్స్‌ఫ్యెల్ గుట్ట ఎక్కితే 1888 నాటి రాతి టవర్‌కి తాళం. మూడున్నరకే చీకటి పడింది.

కిందికి దిగుతుంటే ఎక్కడో పిల్లలు ట్రంపెట్లు సాధన చేస్తున్నారు. నార్వేలో ఊరూరా బడిపిల్లల బ్యాండ్లుంటాయి, జాతీయ దినమైన మే 17న జెండాలతో ఊరేగింపులో వాయిస్తారు. జాజ్‌లోకి ట్యూబా ఎలా వచ్చిందా అన్న నా సందేహం అక్కడే సగం తీరింది. మన పెళ్ళి ఊరేగింపుల బ్యాండు మేళంలో క్లారినెట్ వాయించే కుర్రాడికి ఒక సింథసైజర్ కీబోర్డు కూడా ఇస్తే ఏం చేసేవాడో!

తిరుగు రైల్లో 2020 నాటి 'పిరమిడ్' విన్నాను. నాలుగే పాటలు. స్వీడన్‌లో ఒక స్టూడియోలో కూర్చుని రెండు వారాల్లో ముగించారు. 'తొమితా' అన్న పాట జపాన్ సింథసైజర్ పెద్దాయన ఇసావో తొమితా పేరు మీదిది.

రాత్రి ఓస్లోలో ఆకెర్ నది ఒడ్డున బ్లో అనే క్లబ్‌కి వెళ్ళాను. పాత ఫ్యాక్టరీల మధ్య 1998లో తెరిచారు. ఆ రోజు వాయిస్తున్నది పేరు తెలియని కుర్రాళ్ళు. అదే టకటక దరువు మొదలైంది. లాప్‌టాప్ ఎక్కడా అని వెతికాను. లేదు. మెల్లగా స్టేజీ పక్కకి జరిగి చూస్తే, డ్రమ్మర్ స్నేర్ అనే చిన్న డ్రమ్ము మీద తువ్వాలు పరిచి, దాని మీదే కొడుతున్నాడు. మోత అంతా చచ్చి, పొడిగా, అచ్చం మెషిన్ చప్పుడు. ఆరేడు నిమిషాలు చెయ్యి తడబడలేదు. ఇన్నేళ్ళూ యాగా పాటల్లో కంప్యూటర్ ఖాతాలో వేసిన వాటిలో ఎన్ని ఇలాంటి చేతులవో! మార్టిన్ యంత్రాలూ వాడతాడు, కాదనను. కానీ ఏది యంత్రమో ఏది మనిషో తేల్చే నమ్మకం నాకిక లేదు.

పాట అవగానే కుర్రాడు ఆ తువ్వాలు తీసి మొహం తుడుచుకుని, మళ్ళీ స్నేర్ మీద పరిచాడు.