గూడబాతులు మా వాడి దగ్గరికి రాలేదు

"అమ్మా, ఇవి నా దగ్గరికి రావేంటి?" అన్నాడు మా వాడు, నేలపట్టు చెరువుకట్ట మీద నిలబడి, ముక్కు టీషర్ట్‌లో దాచుకుని. పదకొండేళ్లు. కళ్లకు కట్టుకునే వీఆర్ హెడ్‌సెట్ పెట్టుకుంటే తిమింగలం వాడి పక్కకే వచ్చి కన్ను తిప్పి చూసి పోతుంది. ఇక్కడేమో నీళ్లలో నిలబడ్డ కడప చెట్ల నిండా గూడబాతులు, అదే పెలికాన్లు, ఒక్కటీ వీడిని లెక్కచేయలేదు.

హెడ్‌సెట్ కొన్నది నేనే లెండి. 2023లో వాటిని అమ్మే మెటా వాళ్లు వాడేందుకు కనీస వయసు 13 నుంచి 10కి తగ్గించారని వాడికి చెప్పిందీ నేనే. మంచు కురిసే నెలల్లో ఇంట్లోనే అడవులూ సముద్రాలూ చూస్తాడు కదా అని సర్దిచెప్పుకున్నా గానీ, అసలు కారణం శనివారం పొద్దున ఇంకో గంట నిద్ర.

అందుకే డిసెంబర్లో నెల్లూరు పోయినప్పుడు పంతం పట్టా, నిజం పక్షుల్ని చూపించి తీరాలని. నాయుడుపేట దాటేదాకా కారులో ఒకటే ఉపన్యాసం, 1976 నుంచి ఇది అభయారణ్యం అనీ, గూడబాతులు ఇక్కడ గూళ్లు కట్టి పిల్లల్ని చేస్తాయనీ. ముందు సీట్లోంచి మా నాయన, "నువ్వెప్పుడు చూశావే?" అన్నాడు. చూళ్లేదు. ఇరవై రెండేళ్లు నెల్లూరులో ఉండి ఒక్కసారీ పోలేదు.

కారు దిగగానే రెట్ట వాసన గుప్పుమంది. వాడు మళ్లీ కారెక్కబోయాడు. "ఆ రెట్ట కలిసిన నీళ్లే అబ్బయా చేలకు బలం, ఇక్కడోళ్లు పిట్టల్ని ఊరికే చూసుకుంటారా" అన్నాడు మా నాయన.

బైనాక్యులర్స్ ఇచ్చాక మాత్రం వాడు కదల్లేదు. ఒక పిల్ల, తల్లి ముక్కు కింది సంచిలోకి మెడదాకా తల దూర్చేసింది, ఊపిరాడుతుందా అని నాకే టెన్షన్. "ఏం చేస్తోంది?" "అన్నం తింటోంది." రెండు నిమిషాలు చూశాడేమో, ఈలోపు నేను ఫోన్ తీసి "ఇటు తిరుగు నాన్నా, కొంచెం నవ్వు" అన్నా. అంతే, బైనాక్యులర్స్ తాత చేతిలో పెట్టి కారెక్కేశాడు.

తిరిగొచ్చాక, పిల్లలకు స్క్రీన్ తగ్గించండి, చెట్టూ చేమా చూపించండి అని రాద్దామని కూర్చున్నా. అదెంతవరకు పనిచేస్తుందో నాకే తెలీదు, పైగా చెప్పే మొహం ఉండాలిగా. ఆ రాత్రి వాడు పడుకున్నాక హెడ్‌సెట్ పెట్టుకుని మైపాడు బీచ్ కోసం వెతికా. దొరకలేదు. ఏదో వేరే సముద్రం, అలలున్నాయి, ఎండుచేపల వాసన లేదు. కళ్లు కదులుతున్నామంటాయి, ఒళ్లు కుర్చీలో ఉంది, తల తిరిగిపోయింది. అయినా తీయలేదు.

"అమ్మా, నా టర్న్" అని వినిపించింది, ఎప్పుడు లేచాడో.

"ఇంకో అయిదు నిమిషాలు" అన్నా.