హోగెలో గైడ్‌గా నిలబడేదాకా: నా అనుభవం

పడవ దిగిన యాత్రికులను వెంటబెట్టుకుని ఊరంతా తిప్పుతూ, ఆ ఊరి భూగోళం, చరిత్ర జర్మన్‌లో చెప్పాలి. హోగెలో ప్రకృతి సంరక్షణ వాలంటీర్‌గా చేరినప్పుడు నాకు అప్పజెప్పిన పనుల్లో నన్ను భయపెట్టింది ఇదొక్కటే. పక్షుల్ని లెక్కపెట్టడం, ప్రదర్శన గది ఊడవడం నేర్చుకుంటే వచ్చేవే.

హోగె జర్మనీలో, ఉత్తర సముద్రపు బురద తీరంలో, నార్డ్‌ఫ్రీస్‌లాండ్ జిల్లాలో ఉంది. ష్లుట్‌జీల్ రేవు నుంచి ఫెర్రీలో గంట పైనే పడుతుంది. దీవి అంటే అక్కడివాళ్లు ఒప్పుకోరు, హాలిగ్ అనాలి. పోటు నీటిమట్టానికి మీటరు పైచిలుకు ఎత్తులో ఉండే పచ్చిక బయలు అది, గట్టి తుఫాను వస్తే మునుగుతుంది. అందుకని ఇళ్లన్నీ మనుషులు పోసుకున్న మట్టిదిబ్బల మీదే ఉంటాయి. ఆ దిబ్బను వార్ఫ్ట్ అంటారు. జర్మనీలో ఇలాంటి హాలిగ్‌లు పది ఉన్నాయి. విస్తీర్ణంలో హోగె రెండోది, ఐదున్నర చదరపు కిలోమీటర్లకు కాస్త ఎక్కువ. జనం వందకు అటూ ఇటూ. అయినా దానికి సొంత పంచాయతీ, మేయర్, బడి, చర్చి అన్నీ ఉన్నాయి.

నాకంటే ముందు వచ్చిన వాలంటీర్ ఒకమ్మాయి లావుపాటి ఫైలు చేతికిచ్చి, "తారీఖుల వరసలో చెప్పకు, నడిచే వరసలో చెప్పు" అంది. ఆ మాటతో నా పని సగం తేలికైంది. ఎక్కడ ఆగితే ఏది కనిపిస్తుందో అక్కడ ఆ కథ. మిగతా సగం జర్మన్ భాష. వాళ్ల పొడుగు వాక్యాల్లో క్రియ చివర్లో వస్తుందని మన తోటి భారతీయులు కొందరు విసుక్కుంటారు గానీ, తెలుగువాళ్లకు అదేం కొత్త?

మొదటి మజిలీ చర్చి. 1634 అక్టోబరులో వచ్చిన ఉప్పెన పక్కనున్న స్ట్రాండ్ అనే పెద్ద దీవిని ముక్కలు చేసింది. ఇప్పటి పెల్‌వోర్మ్, నార్డ్‌ష్ట్రాండ్ ఆ ముక్కలే. వేలమంది పోయారు. అక్కడ కూలిన ఒక చర్చి సామగ్రి తెచ్చి, 1637లో హోగెలో ఈ చర్చి కట్టడం మొదలుపెట్టారు. అంతకు ముందు 1362 జనవరి ఉప్పెనలో రుంగ్‌హోల్ట్ అనే రేవు ఊరు మునిగింది. ఇక్కడ తప్పంతా సముద్రానిదే అని చెప్పి ఊరుకోవడం నాకిష్టం లేదు. ఆ కాలంలో జనం ఉప్పు కోసం నేలలోని పీట్, అంటే మొక్కలు కుళ్లి ఏర్పడిన ఉప్పు ఇంకిన మట్టి, తవ్వి కాల్చేవారు. తవ్వినకొద్దీ నేల కుంగింది, కుంగిన నేల మీదికి నీళ్లు సులువుగా వచ్చాయి.

తర్వాత హాన్స్‌వార్ఫ్ట్. ఇక్కడి మగవాళ్లు పదిహేడు, పద్దెనిమిదో శతాబ్దాల్లో డచ్చి ఓడలెక్కి గ్రీన్‌లాండ్ వైపు తిమింగలాల వేటకు వెళ్లేవారు. ఆ డబ్బుతో కట్టిన ఒక కెప్టెన్ ఇంట్లో గోడల నిండా నీలం రంగు టైల్స్. 1825 ఫిబ్రవరి ఉప్పెన ఇళ్లను ఊడ్చేశాక, ఆ వేసవిలో డెన్మార్క్ రాజు ఆరో ఫ్రెడరిక్ నష్టం చూడ్డానికి వచ్చి ఆ ఇంట్లోనే ఒక రాత్రి ఉన్నాడు. అప్పట్లో ఈ ప్రాంతం ఆయన ఏలుబడిలోదే, జర్మన్ రాజ్యమైన ప్రష్యా చేతికి వచ్చింది 1860ల్లో. యాత్రికులు ఫొటోలు తీసుకునేది రాజు గదినే. నాకు మాత్రం వార్ఫ్ట్ మధ్యలోని చెరువు ముఖ్యం. వాననీళ్లే పశువులకు ఆధారం, ఉప్పెన నీళ్లు అందులో కలిస్తే గొడ్లకు తాగడానికి చుక్క ఉండేది కాదు. మంచినీటి పైపు వచ్చింది 1960ల్లో.

1962 ఫిబ్రవరి ఉప్పెన తర్వాత ఇళ్లలో పై అంతస్తులో ఒక గదిని కాంక్రీటు స్తంభాల మీద కట్టారు. గోడలు కొట్టుకుపోయినా ఆ గది నిలవాలి. మాది దివిసీమ వైపు. 1977 నవంబరు 19 ఉప్పెన గురించి మా నాయనమ్మ చెప్పగా పెరిగినవాణ్ణి, స్తంభాల మీద లేపిన తుఫాను షెల్టర్లు చూసినవాణ్ణి. ఈ గది దగ్గర నాకు ఫైలు అక్కర్లేదు.

చలికాలంలో హాలిగ్ మునగడం కళ్లారా చూశాను. ముందు రేడియోలో హెచ్చరిక వస్తుంది. కార్లు దిబ్బ మీదికి ఎక్కిస్తారు, బయట ఉన్న పశువులుంటే కొట్టంలోకి తోలతారు. కొన్ని గంటల్లో రోడ్లు కనబడవు. నేను కిటికీకి అతుక్కుపోతే మా పక్కింటావిడ తాపీగా కేకు చేసుకుంటోంది.

అన్నిటికంటే కష్టమైన మజిలీ చివరిది, కరకట్ట. 1911 నుంచి 1914 దాకా రాళ్లతో కట్టిన తక్కువ ఎత్తు కట్ట. వేసవి పోట్లను ఆపుతుంది, పెద్ద తుఫానును ఆపదు. దానివల్ల హోగె ఏడాదికి కొద్దిసార్లే మునుగుతుంది, కట్టలేని హాలిగ్‌లు ఇంకా చాలాసార్లు. పచ్చిక, పశువులు బాగున్నాయి. కానీ హాలిగ్ ఎత్తు పెరిగేది ఉప్పెన తెచ్చి వదిలే ఒండ్రుతోనే. నీళ్లు రాకపోతే ఒండ్రూ రాదు, సముద్రమట్టం మాత్రం పెరుగుతూనే ఉంది. హాన్స్‌వార్ఫ్ట్‌కు ఈ మధ్య మళ్లీ మట్టి పోసి పెంచింది అందుకే.

నా మొదటి గుంపులో ఒక పెద్దాయన ఇక్కడే పట్టుకున్నాడు. "అయితే కట్ట తీసేయొచ్చుగా?" అన్నాడు. తీస్తే అలలు అంచును కొరుకుతాయి, పచ్చిక ఉప్పుకు పోతుంది, యాత్రికులు రావడం కూడా తగ్గుతుంది, మీతో సహా అన్నాను. ఆయన నవ్వి, వేసవిలో తూములు మూసి చలికాలంలో తెరవొచ్చు కదా అని వాదన మొదలుపెట్టాడు. ఇద్దరు ముగ్గురు అటూ ఇటూ చేరారు. ఫెర్రీ టైమవుతోందని నేనే వాళ్లను రేవు వైపు తరిమాను. మధ్యాహ్నం ఇంకో గుంపు ఉంది, ఈసారి కరకట్టకు పది నిమిషాలు ఎక్కువ ఉంచుకున్నాను.